అమ్మను, పాపను తీసుకెళ్లి అసలైన అడవి చూపించాలి. ములుగు వైపు ఎక్కడికి పోవాలి?

వడ్డేపల్లి కట్ట

అందరికీ నమస్తే. మేం హన్మకొండలో ఉంటాం. పోయిన దసరా సెలవుల్లో అందరితోపాటు మేమూ బొగత జలపాతానికి వెళ్లాం. తెల్లవారకముందే బయల్దేరినా, చేరేసరికి అక్కడ జాతరలా ఉంది. నీళ్లు బాగున్నాయి, కాదనను. కానీ ఒక పక్క స్పీకర్లో డీజే పాటలు, ఇంకో పక్క బిర్యానీ డబ్బాలు, సెల్ఫీ కోసం తోపులాట. గంటన్నరలో తిరుగుముఖం పట్టాం. ఏటూరునాగారం దాటి తాడ్వాయి దగ్గరికి వస్తుంటే మా పాప (నాలుగో తరగతి) "డాడీ, అడవికి ఎప్పుడు పోతాం?" అని అడిగింది. అప్పటికి చాలాసేపటి నుంచి మేం అడవిలోనే ఉన్నాం. ఏసీ వేసుకుని, అద్దాలు ఎక్కించుకుని.

వెనక సీట్లో మా అమ్మ నవ్వింది. అమ్మకు డెబ్బై రెండేళ్లు. పుట్టిల్లు గోవిందరావుపేట దగ్గర ఒక పల్లె. ఆమె చిన్నప్పుడు అడవిని ఎక్కడికో పోయి చూసే పని లేదట, పెరటి దడి అవతలే మొదలయ్యేదట. ఎండాకాలం రాత్రి గుడ్డేలుగు ఇప్పచెట్టు కిందికి వచ్చి పూలు జుర్రుతుంటే ఇంట్లోకి వినపడేదట. ఆ చెట్టు ఇప్పుడు లేదు, ఆ పెరడూ లేదు. అక్కడ మిర్చి చేను ఉంది. ఆ రోజు నుంచి అమ్మ ఒకటే మాట: "ఒక్కసారి పెద్ద ఇప్పచెట్టు కింద కూర్చోవాలి రా."

బాగా పాత చెట్లున్న అడవి మన వైపు ఎక్కడ మిగిలింది? అమ్మకు మోకాళ్ల నొప్పులు, ఎక్కువ నడవలేదు. మాలాంటి వాళ్లు పోవడమే అడవికి చేటు అని మా ఆఫీసులో ఒకాయన అంటాడు. అది నిజమేనా, లేక పోయే పద్ధతి ఏమైనా ఉందా? ఇంకో సంగతి, 2024 డిసెంబర్‌లో నల్లబెల్లి వైపు పులి అడుగులు కనపడ్డాయని పేపర్లో చదివినప్పటి నుంచి మా ఆవిడకు అడవి పేరెత్తితే టెన్షన్. అనుభవం ఉన్నవాళ్లు చెప్పండి.

బుల్లెట్ బండి 163

అన్నా, ఇంత ఆలోచన దేనికి, లక్నవరం పోండి. వేలాడే వంతెన, బోటింగ్, మంచి ఫుడ్. చుట్టూ గుట్టలూ చెట్లే. అమ్మకు కూర్చోడానికి బెంచీలు కూడా ఉంటాయి.

పాత బడి పంతులు

తమ్ముడూ, నేను తాడ్వాయి, ఏటూరునాగారం మండలాల బడుల్లో ఇరవై రెండేళ్లు పాఠాలు చెప్పి రిటైరయ్యాను. అటవీశాఖ మనిషిని కాను. నాకు తెలిసిందంతా ఆదివారాలు నా కోయ పిల్లల వెంట నడిచి తెలుసుకున్నదే. కాస్త పొడుగ్గా రాస్తాను, ఓపిక పట్టు.

లక్నవరం బాగుంటుంది, బుల్లెట్ తమ్ముడితో నాకు గొడవ లేదు. కానీ నువ్వు అడిగింది అది కాదు.

ముందు నువ్వు పాత అడవిని గుర్తుపట్టడం నేర్చుకోవాలి. రోడ్డు పక్కన టేకు చెట్లు వరుసగా నిలబడి కనపడితే జనం "అబ్బ, ఏం అడవి" అని ఫొటోలు తీస్తారు. అది తోట. నాటిన వాళ్లు వరుస తప్పకుండా నాటారు, అన్నీ ఒక ఈడువే. కారు దిగి పైకి చూడకు, కిందికి చూడు. టేకాకు తప్ప ఇంకేమీ లేకపోతే అది తోట. పది రకాల ఆకు కలిసి పడి ఉంటే, మధ్యలో నడుము విరిగిన ఒక ముసలి చెట్టు కుళ్లుతూ ఉంటే, దాని మీద పుట్టగొడుగు లేస్తుంటే, తొడంత లావు అడ్డతీగ ఒక చెట్టు మీంచి ఇంకో చెట్టు మీదికి పాకి ఉంటే, అప్పుడు ఆగు. అది అడవి.

ఆగిన చోట పాపకు నాలుగు చెట్లు చూపించు, చాలు. నల్లమద్ది బెరడు మొసలి వీపులా గడులు గడులుగా పగిలి ఉంటుంది, కళ్లు మూసుకుని తడిమినా తెలుస్తుంది. వేగిస చెట్టు బెరడుకు గాటు పడితే నెత్తురులాంటి జిగురు కారుతుంది. నువ్వు గాటు పెట్టకు, ఏ పశువు కొమ్మో గీరిన చోట ఎండిన ఎర్ర చార ఉంటుంది, అది చూపించు. లేత టేకాకును అరచేతిలో నలిపితే చేయి పారాణి పెట్టినట్టు ఎర్రబడుతుంది, పిల్లలకు దీన్ని మించిన ఆట లేదు. ఇక చిల్లగింజ. బురద నీళ్లు తెచ్చి, కుండ లోపలి గోడకు ఆ గింజను అరగదీస్తే కాసేపటికి మట్టి అడుక్కి దిగి నీరు తేరుకుంటుంది. మా బడిలో బోరు చెడిపోయిన ఒక ఎండాకాలం ఐదో తరగతి పిల్ల నాకు ఇది చేసి చూపించింది. సైన్సు పాఠం ఆ రోజు ఆమె చెప్పింది, నేను విన్నాను.

ఎక్కడికి పోవాలంటావా. అమ్మ మోకాళ్లను బట్టి చూస్తే మొదట పాకాల. నర్సంపేట దాటగానే వస్తుంది, మీకు సగం పూట ప్రయాణం కూడా కాదు. గణపతిదేవుడి కాలంలో, 1213 ప్రాంతంలో కట్టిన చెరువు. ఇప్పటికీ పొలాలకు నీళ్లిస్తోంది. కట్ట మీద నీడలో కూర్చుంటే ఎదురుగా నీళ్లు, నీళ్ల అవతల గుట్టలు, గుట్టల మీద అడవి. అమ్మ నడవక్కర్లేదు. ఎనిమిది వందల ఏళ్లుగా ఆ అడవీ ఆ చెరువూ ఒకదాన్నొకటి కాపాడుకుంటున్నాయి. గుట్టల మీద చెట్టు పోతే మట్టి కొట్టుకొచ్చి చెరువు పూడుతుంది. కాకతీయులకు ఆ లెక్క తెలుసు. మనకు తెలిసీ పట్టదు.

రెండోది తాడ్వాయి. అక్కడ రాత్రి ఉండటానికి కాటేజీలు ఉన్నాయి. ఒక రాత్రి ఉండండి. అడవికి పొద్దున పోయి సాయంత్రం రావడమంటే సినిమాకు ఇంటర్వెల్‌లో పోయినట్టు. లోపలికి నడవాలంటే మాత్రం రేంజ్ ఆఫీసులో అడిగి, అనుమతి ఉన్న చోటికే, స్థానికుణ్ని వెంటపెట్టుకుని పో. అది అభయారణ్యం, 1972 వన్యప్రాణి చట్టం కిందికి వస్తుంది, మన ఇష్టం వచ్చినట్టు దూరే చోటు కాదు. తాడ్వాయి మండలంలోనే దామరవాయి దగ్గర గుట్ట మీద రాకాసి గుళ్లు ఉన్నాయి. పెద్ద పెద్ద రాతి పలకలు నిలబెట్టి పైన ఇంకో పలక కప్పిన ఆదిమానవుల సమాధులు. అమ్మను కింద కూర్చోబెట్టి పాపతో నువ్వు ఎక్కిరా. చెట్లలో ఎన్ని వందల ఏళ్లవి ఉన్నాయో గానీ, అక్కడ అడవిలో మనుషులు ఎంత కాలం నుంచి ఉన్నారో ఆ రాళ్లు చెప్తాయి.

ఇప్పుడు అసలు సంగతి. తాడ్వాయి నుంచి మేడారం పోయే వైపు 2024 ఆగస్టు 31న గాలివాన వచ్చింది. నేనప్పుడు హన్మకొండలో మా కొడుకు దగ్గర ఉన్నాను. రెండు రోజులకు నా పాత విద్యార్థి ఫోన్ చేసి ఒక్క మాట అన్నాడు: "సార్, అడవి పండుకున్నది." తాగి మాట్లాడుతున్నాడేమో అనుకున్నాను. పోయి చూస్తే వాడు చెప్పింది చిన్న మాటే. ఎటు చూసినా చెట్లు వేళ్లతో సహా లేచి పడి ఉన్నాయి. యాభై వేలకు పైగా అని అప్పుడు పేపర్లు రాశాయి. నేను లెక్కపెట్టలేదు, లెక్కపెట్టే ధైర్యం కూడా రాలేదు. ఒక నల్లమద్ది వేళ్ల ముద్ద నా కంటే ఎత్తు లేచి గోడలా నిలబడి ఉంది. దాని మట్టిలో చీమలు అప్పటికే కొత్త దారి వేసుకున్నాయి. మూడు నెలలు తిరిగాయో లేదో, డిసెంబర్ 4న పొద్దున్నే భూకంపం, ములుగు కేంద్రంగా, 5.3 తీవ్రత. మా ఊరి ముసలమ్మలు రెండింటినీ కలిపి అమ్మవార్ల కోపం అన్నారు. ఆ లెక్కలో నేను తలదూర్చను.

ఆ చోటికి పాపను తప్పకుండా తీసుకుపో. పడిపోయిన అడవి అని జాలిపడటానికి కాదు. ఎండ నేలకు తగిలిన చోట గడ్డి ఎలా లేచిందో, గడ్డికి దుప్పులు ఎలా వస్తున్నాయో, మోడు బారిన మాను మీద వడ్రంగి పిట్ట ఎలా తొలుస్తుందో చూస్తుంది. పడిన చెట్టును వెంటనే కలప డిపోకు తోలకపోతే వేస్టు అనుకునేవాళ్లు మనలో చాలామంది ఉన్నారు. నాకు కూడా మొదట అలాగే అనిపించింది, అంత కలప కళ్ల ముందు కుళ్లుతుంటే ప్రాణం ఉసూరుమంటుంది. కానీ గుడ్లగూబకు తొర్ర కావాలి, తేనెటీగకు తొర్ర కావాలి. తొర్ర కొత్త చెట్టుకు రాదు.

పోవడమే చేటా అని అడిగావు. నీ కారు పోవడం వల్ల అడవికి వచ్చే నష్టం కంటే నీ చేతిలోంచి జారే వాటి వల్ల వచ్చే నష్టం ఎక్కువ. ములుగు దగ్గర గట్టమ్మ గుడి కాడ ఆగి కోతులకు అరటిపళ్లు పంచేవాళ్లను చూశావు కదా. పుణ్యం అనుకుంటారు. ఆ కోతులు చెట్ల మీద కాయ వెతుక్కోవడం మానేసి రోడ్డు మీద కూర్చుంటాయి, లారీ కింద పడతాయి, మిగిలినవి పక్క ఊళ్లో పెంకులు పీకుతాయి. ఇంకా నీళ్ల సీసాలు, ఇంకా సిగరెట్టు పీక. మార్చిలో అడవి ఎండుటాకుతో గడ్డివాములా ఉంటుంది, ఒక్క నిప్పురవ్వ చాలు.

మంట సంగతి వచ్చింది కాబట్టి చెప్పాలి. ఇప్పపూలు తెల్లవారుజామున రాలతాయి. ఎండుటాకులో పడితే ఏరడం కష్టమని ముందు రోజే చెట్టు కింద ఆకు తగలబెడతారు. బీడీలు చుట్టే తునికాకు మంచి చిగురు వేయాలని కూడా కొందరు నిప్పు పెడతారు. ఆ మంట చెట్టు కింద ఆగితే ఎవరికీ బాధ లేదు, ఆగదు. పెద్ద చెట్లు తట్టుకుంటాయి, మోకాలెత్తు మొక్కలన్నీ పోతాయి. ఏటా మంట వచ్చే చోట పెద్దవి ముసలివై పడిపోతాయి, వాటి స్థానంలోకి వచ్చేవి ఉండవు. ఇప్పుడు ఉపగ్రహం మంటను పట్టేసి బీట్ ఆఫీసర్ ఫోన్‌కు మెసేజ్ పంపుతోంది. కానీ ఆయన అక్కడికి బండి మీద, ఆ తర్వాత కాలినడకన చేరాలి కదా. మా ఊళ్లో ఇద్దరు ముగ్గురు ఆడవాళ్లు మాత్రం పాత చీరలు నాలుగు కలిపి కుట్టి చెట్టు కింద పరుస్తారు. పూలకు మట్టి అంటదు, నిప్పు అవసరం లేదు. ఇంతకన్నా మంచి ఉపాయం నేను ఏ మీటింగులోనూ వినలేదు.

ఉచ్చులు ఇంకో పీడ. ఒకసారి పిల్లలతో వాగు వెంట పోతుంటే ముందున్న పిల్లవాడు నా చొక్కా పట్టి ఆపాడు. నా కాలికి జానెడు దూరంలో మోటార్ సైకిల్ క్లచ్ వైరు, ముడి వేసి, మీద ఆకు కప్పి ఉంది. వైరుకు రెండు మూడు గోధుమ వెంట్రుకలు చిక్కుకుని ఉన్నాయి. దుప్పివి. అది తప్పించుకుందో కూర అయిందో తెలియదు. పిల్లవాడు వైరు విప్పి జేబులో వేసుకున్నాడు, సైకిల్‌కు పనికొస్తుందట. ఈ మధ్య వైరు పోయి కరెంటు వచ్చింది. 2024 ఫిబ్రవరిలో భూపాలపల్లి జిల్లా అడవిలో గాలింపుకు పోయిన గ్రేహౌండ్స్ కానిస్టేబుల్ ఒకరు జంతువుల కోసం పెట్టిన కరెంటు తీగ తగిలి చనిపోయారు. అందుకే చెప్తున్నాను, దారి వదిలి నడవకండి.

మీ ఆవిడకు పులి టెన్షన్ అన్నావు. పులి మనిషి అలికిడి వింటే పక్కకు తప్పుకుంటుంది. నేను ఇరవై రెండేళ్లలో అడుగులు చూశాను గానీ పులిని చూడలేదు. భయపడాల్సింది గుడ్డేలుగుకు. అమ్మ చెప్పింది అక్షరాలా నిజం, ఇప్పపూల కాలంలో చీకటితోనే చెట్టు కిందికి వస్తుంది. దానికి చూపు తక్కువ, కోపం ఎక్కువ. తెల్లగా తెల్లవారాకే పోండి, మాట్లాడుకుంటూ పోండి.

వానాకాలంలో మాత్రం వద్దు. 2023 జూలై చివర ములుగు జిల్లా లక్ష్మీదేవిపేటలో ఒక్క రోజులో 649.8 మిల్లీమీటర్ల వాన పడింది, రాష్ట్రంలో అంత వాన ఎప్పుడూ లేదు. అదే వారంలో వెంకటాపురం వైపు ముత్యంధార చూడటానికి పోయినవాళ్లు వాగు పొంగి రాత్రంతా అడవిలో ఇరుక్కుపోయారు. జలపాతం చూడాలన్న సరదాకు అంత రేటు వద్దు. నువ్వు మార్చి ఆఖరు వారంలో పో. మోదుగ పూత అయిపోవస్తుంది, ఇప్ప రాలుతుంటుంది. నా విద్యార్థి ఒకడు తాడ్వాయి దగ్గరే ఉంటాడు, వాళ్లకు వాటాగా వచ్చే ఇప్పచెట్టు ఒకటుంది. వాడి నంబరు నీకు విడిగా పంపుతాను. వాడికి రోజు కూలి కాదు, గైడు కూలి ఇవ్వు. ఆ డబ్బు పెద్ద విషయం.

వడ్డేపల్లి కట్ట

సార్, చేతులెత్తి నమస్కారం. రెండుసార్లు చదివాను, రెండోసారి అమ్మకు పైకి చదివి వినిపించాను. చిల్లగింజ దగ్గర ఆపించి "మా అమ్మమ్మ చేసేది" అంది. మార్చి ఆఖరు ఆదివారానికి ఖాయం చేసుకున్నాం. ఒక సందేహం: మొన్న జనవరిలోనే మేడారం జాతర అయింది కదా, ఆ చుట్టుపక్కల ఇప్పుడు చూసేలా ఉంటుందా?

పాత బడి పంతులు

అమ్మవార్ల గద్దెల చుట్టుపక్కల ఎంత శుభ్రం చేసినా ఒక వాన పడేదాకా కవర్లు కొమ్మలకు వేలాడుతూనే ఉంటాయి. అన్ని లక్షల మంది వచ్చే చోట అది తప్పదనుకుంటాం. కానీ ఒక్క సంగతి గమనించు. ఊరికి దగ్గర్లోనే చిలకలగుట్ట ఉంది, సమ్మక్కను తెచ్చేది అక్కడి నుంచే. దాని మీదికి పూజారులు తప్ప ఎవరూ ఎక్కరు. రోడ్డు మీద నిలబడి ఆ గుట్టనూ, పక్కన మనం తిరిగే చోటునూ చూడు. బోర్డు పెట్టి కాపాడిన అడవికీ, భక్తితో కాపాడిన అడవికీ తేడా నీకే తెలుస్తుంది. కోయవాళ్లు కొత్తల పండుగ చేయనిదే కొత్త కాయ నోట పెట్టరు. కాయ ముదిరి గింజ పడేదాకా ఆగడం అందులోనే ఉంది.

సిర్పూర్ ప్యాసింజర్

పంతులు గారు రాసింది చదివి మనసు నిండింది గానీ ఒక్క చోట ఆగిపోయాను. నిప్పు పెట్టేది, ఉచ్చు పెట్టేది అడవి మనుషులే అన్నట్టు వినపడుతోంది. మాది కాగజ్‌నగర్ వైపు. మా దగ్గర పోడు చేసుకునే కుటుంబం ఒక ఎకరం కోసం కేసులు మోస్తుంటే, అదే అడవిలో గనులకు, రోడ్లకు, లైన్లకు ఎన్ని చెట్లు పోయాయో ఎవరూ అడగరు. 2025 మేలో జీవో 49 తెచ్చి మా అడవుల్ని కుమ్రం భీం పేరుతో కన్జర్వేషన్ రిజర్వు, అంటే వన్యప్రాణుల కోసం కాపాడే అడవి అన్నారు. జనం రోడ్డెక్కితే జూలైలో పక్కన పెట్టారు. జల్, జంగల్, జమీన్ అని 1940లో జోడేఘాట్‌లో ప్రాణం ఇచ్చిన మనిషి పేరు పెట్టి, ఆ జంగల్‌లో ఉండేవాళ్లను అడగకపోతే ఎట్లా?

పులి వద్దని నేను అనడం లేదు. మహారాష్ట్రలోని తడోబా నుంచి పులులు మా మీదుగానే వస్తాయి, రానీ. కానీ 2024 నవంబర్‌లో మా మండలంలో పత్తి ఏరడానికి పోయిన ఆడమనిషిని పులి చంపింది. ఆ తర్వాత చాలా రోజులు మేం చేనుకు గుంపులుగా పోయాం, తల వెనక మనిషి ముఖం మాస్కు తగిలించుకుని. హైదరాబాద్ నుంచి వచ్చి జీపులో పులిని చూసి చప్పట్లు కొట్టే వాళ్లకు ఇది కూడా తెలియాలి.

అన్నకు ఒక్క సలహా. ఎప్పుడైనా మా వైపు వస్తే పెంచికల్‌పేట దగ్గర పాలరాపు గుట్ట చూడండి. 2013లో అక్కడ రాబందులు గూళ్లు పెట్టుకున్నట్టు బయటపడింది. పశువులకు వేసే డైక్లోఫెనాక్ మందు వల్ల దేశమంతా రాబందులు చచ్చిపోయాక, 2006లో ఆ మందు ఆపాక, మా గుట్ట మీద అప్పట్లో కొన్ని మిగిలి ఉండేవి. ఇప్పుడు ఉంటే దూరం నుంచే చూడాలి, పాపకు బైనాక్యులర్ కొనివ్వండి.

పాత బడి పంతులు

అమ్మా (తమ్ముడివైతే క్షమించు), నువ్వు చెప్పింది ఒప్పుకుంటున్నాను. నేను చూసింది చూసినట్టు రాశాను, కానీ సగమే రాశాను. నా బడిలో హాజరు పట్టీ చూస్తే పోడు గొడవ ఉన్న వారం ఏదో తెలిసిపోయేది, పిల్లలు బడికి రాకుండా చేను కాపలాకు పోయేవాళ్లు. ఆ క్లచ్ వైరు పెట్టింది ఊరివాడే కావచ్చు, కానీ ఆ మాంసం కొన్నది కారులో వచ్చినవాడు. ఈ మాట కూడా రాయాల్సింది.

మూడో షిఫ్ట్

మంచిర్యాల నుంచి, బొగ్గుబాయి పని. నేనూ ఆ గనులవాణ్నే, సిర్పూర్ అక్క చెప్పింది కాదనలేను. ఒక్క ముక్క కలుపుతా. కవ్వాల్ 2012లో టైగర్ రిజర్వు అయింది, కోర్ ఏరియా 893 చదరపు కిలోమీటర్లు. జన్నారం నుంచి సఫారీ ఉంటుంది, ముసలివాళ్లకు అదే సుఖం. పులి కనపడాలని పోతే నిరాశ, చుక్కల దుప్పులు, అడవిదున్నలు, పాలపిట్టలు చూద్దామని పోతే పండగే. నిర్మల్ మీదుగా తిరిగొస్తే బొమ్మలు చేసేవాళ్ల దగ్గర ఆగండి. ఆ బొమ్మలు పొణికి కర్రతో చేస్తారు. చేతిలో పట్టుకుంటే బరువే ఉండదు. ఆ కర్ర దొరకడం కష్టమైపోయిందని వాళ్లే చెప్తారు. చెట్టు పోతే బొమ్మ కూడా పోతుంది, అంతే లెక్క.

వడ్డేపల్లి కట్ట

పోయొచ్చాం. మాట ఇచ్చినట్టే రాస్తున్నాను.

శనివారం పాకాల కట్ట మీద మధ్యాహ్నం దాకా, రాత్రి తాడ్వాయిలో. ఆదివారం తెల్లవారాక సార్ విద్యార్థి వచ్చాడు. మట్టిదారిలో ఆటో పోయినంత దూరం ఆటోలో, ఆ తర్వాత అమ్మ నా భుజం పట్టుకుని రెండు వందల అడుగులు నడిచింది. నేను లెక్కపెట్టాను. చెట్టు దగ్గరికి చేరేలోపే వాసన వచ్చింది, పులిసిన తీపి వాసన, కాస్త కల్లులా. చెట్టు చుట్టూ నేను, మా ఆవిడ, పాప చేతులు పట్టుకుంటే సరిపోలేదు, ఆ అబ్బాయి కూడా కలిశాడు. కింద నాలుగు రంగుల పాత చీరలు పరిచి ఉన్నాయి. వాటి మీద పూలు, పూలనడం కంటే లేత పసుపు పూసలు అనాలి, ఒకటొకటిగా టప్ టప్ అని రాలుతున్నాయి. నిశ్శబ్దంగా ఉంటే తప్ప వినపడదు. ఆ చప్పుడు పాపే ముందు కనిపెట్టింది.

అమ్మ ఆ పరిచిన చీరల అంచున కూర్చుని గంటన్నర లేవలేదు. ఎక్కువ మాట్లాడలేదు కూడా. ఆ అబ్బాయి వాళ్ల నాయనమ్మ వచ్చి పక్కన కూర్చుంది. ఇద్దరూ తలొక బుట్టలోకి ఏరుతూ, మా పల్లెలో ఎవరెవరు పోయారు, ఎవరు మిగిలారు అని మాట్లాడుకున్నారు. మధ్యలో ఎండుటాకుల్లో ఏదో కదిలితే మా ఆవిడ లేచి నిలబడింది. తొండ.

తర్వాత ఆ పడిపోయిన అడవి చూశాం. సార్ చెప్పిన వేళ్ల గోడ అదేనో కాదో, ఒకటి దొరికింది. పాప దాని ముందు నిలబడి ఎత్తు చూసుకుంది. తొర్రలో చేయి పెట్టబోతే ఆ అబ్బాయి ఆపాడు, పాములుంటాయని. టేకాకు నలిపించాం, చేతులు ఎర్రగా చేసుకుని సోమవారం బడికి పోయింది. గోరింటాకు అనుకుని టీచరు కేకలేసిందట.

ఒక తప్పు జరిగింది సార్. ఇంటికొచ్చాక అమ్మ చీర మడత పెడుతుంటే కొంగు ముడిలో ఇప్పపూలు దొరికాయి. పది దాకా ఉన్నాయి. అడిగితే "ఆమే పెట్టింది" అంటోంది. అభయారణ్యంలోంచి తేకూడదు కదా. ఇప్పుడు ఏం చేయాలి?

పాత బడి పంతులు

తేకూడదు. పంతులుగా చెప్పాల్సింది చెప్పాను.

ఇప్పుడు మూకుడు పొయ్యి మీద పెట్టు. పూలలో పుప్పొడి తీగలు ఉంటే తీసేసి, నూనె వేయకుండా దోరగా వేయించు. గుప్పెడు నువ్వులు విడిగా వేయించు. రెండూ కలిపి రోట్లో దంచితే ముద్ద అవుతుంది, బెల్లం అక్కర్లేదు. పది పూలకు మూడు ఉండలు వస్తాయేమో. మొదటిది పాపకు. ఫ్రిజ్‌లో పెట్టకండి, ఈ రోజే చేయండి, రేపటికి పులుస్తాయి.